తెర మీదికెక్కిన అర్థశాస్త్రం

అర్థశాస్త్రం చదివినవాడు పత్రికలకు రాయటం కొత్త సంగతి కాదు. కార్ల్ మార్క్సు 1852 నుంచి 1862 దాకా న్యూయార్కు డైలీ ట్రిబ్యూన్‌కు వ్యాసాలు రాశాడు. ఆ రాతకు వచ్చే డబ్బు ఆయన సంసారానికి చాలీచాలని ఆధారం. 1853 లో హిందూదేశాన్ని గురించి ఆయన రాసిన ప్రసిద్ధ వ్యాసాలు ఆ పత్రికలో వచ్చినవే. బ్రిటిషు పెట్టుబడి మన చేతిమగ్గాన్నీ, రాట్నాన్నీ ఎట్లా ధ్వంసం చేసిందో అమెరికా పాఠకులకు ఆయన అందులోనే చెప్పాడు.

నూటయిరవయ్యేడేళ్ళ తరవాత, 1980 లో, మన మగ్గం మళ్ళీ అమెరికా జనం ముందుకు వచ్చింది. ఈసారి పత్రికలో కాదు, టెలివిజన్ తెర మీద. చెప్పినవాడు మిల్టన్ ఫ్రీడ్మన్ అనే అర్థశాస్త్రవేత్త. ఆయన చెప్పిన కథలో మగ్గాన్ని చెరిచిన సామ్రాజ్యానికి చోటు లేదు. మగ్గాన్ని కాపాడబోయిన స్వతంత్ర ప్రభుత్వమే దేశాన్ని వెనక్కు లాగిందని ఆయన తేల్చాడు.

నేను నేతపని వాళ్ళ ఇంట పుట్టాను. గుంటమగ్గం పక్కన కూచుని కండెలు చుడుతూ ఎక్కాలు వల్లించాను. తరవాత కాలేజీలో అర్థశాస్త్రం పాఠాలు చెప్పి బతికాను. అంచేత, తెర మీద ఆ మగ్గాన్ని చాలా ఏళ్ళు ఆలస్యంగా చూసినప్పుడు, ఇది నాకు సంబంధించిన వ్యవహారం అనిపించింది. ఫ్రీడ్మన్‌కు తెర మీద అంత చోటు ఎట్లా దొరికిందని వెతుకుతూ పోతే, ఆయన కంటె ముందు అక్కడ నిలబడ్డ మరొక మనిషి కనిపించాడు. ఆయన జాన్ కెనెత్ గాల్‌బ్రెయిత్. ఈ వ్యాసం ముఖ్యంగా ఆయన్ను గురించే.

గాల్‌బ్రెయిత్ 1908 లో కెనడాలో, ఒంటారియో రాష్ట్రంలో ఒక రైతు కుటుంబంలో పుట్టాడు. మొదట చదివింది వ్యవసాయ కళాశాలలో. తరవాత కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో వ్యవసాయ అర్థశాస్త్రంలో డాక్టరేటు పుచ్చుకున్నాడు. 1937 లో అమెరికా పౌరుడయ్యాడు. అది మహా సంక్షోభపు దశాబ్దం. ఒక పక్క ధాన్యం అమ్ముడుపోక రైతులు దివాలా తీస్తున్నారు, మరొక పక్క పట్నాల్లో జనం రొట్టె కోసం బారులు తీరుతున్నారు. మార్కెట్టు తనంతట తానే సర్దుకుంటుందన్న పాత పాఠం మీద ఆ తరం వాళ్ళలో చాలామందికి నమ్మకం పోయింది. వాళ్ళలో కొందరు మార్క్సు వైపు వెళ్ళారు, కొందరు కీన్సు వైపు వెళ్ళారు. గాల్‌బ్రెయిత్ కీన్సు వైపు వెళ్ళాడు. పెట్టుబడిదారీ విధానాన్ని కూల్చాలని ఆయన ఏనాడూ అనలేదు. దాన్ని దాని పిచ్చి నుంచి కాపాడాలన్నాడు. ఈ సంగతి మనం మొదటే ఒప్పుకోవాలి. లేకపోతే ఆయన్ను అనవసరంగా మనవాడుగా చేసుకుంటాం.

1941 లో యుద్ధం అమెరికా గడపకు వచ్చేసరికి ధరల అదుపు శాఖలో ధరల బాధ్యత ఆయన చేతికి వచ్చింది. ముప్ఫై మూడేళ్ళవాడు దేశం మొత్తం మీద సరుకుల ధరలకు కట్టుబాట్లు పెట్టాడు. వ్యాపార వర్గాలు ఊరుకుంటాయా? ఆయన్ను తియ్యవలసిందేనని పట్టుబట్టాయి. 1943 లో ఆయన ఆ వుద్యోగం వదలవలసి వచ్చింది. అప్పుడు ఆయనకు పని ఇచ్చింది ఫార్చ్యూన్ పత్రిక. హెన్రీ లూస్ నడిపిన ఆ పత్రికను చదివేది పెట్టుబడిదారులే. పెట్టుబడిదారులు వెళ్ళగొట్టిన మనిషికి పెట్టుబడిదారుల పత్రిక జీతమివ్వటం వింతగా కనిపించవచ్చు. కాని ఇందులో వింత లేదు. తన వ్యాపారం ఎట్లా నడుస్తున్నదో నిజంగా తెలిసినవాడు చెపితే వినటం పెట్టుబడిదారుకు అవసరం. ఆ మాట తన గుమాస్తాలకూ, కూలీలకూ వినిపించనంతవరకూ అతనికి అభ్యంతరం వుండదు. 1948 దాకా గాల్‌బ్రెయిత్ అక్కడ పనిచేశాడు. పెద్ద కంపెనీని లోపలినుంచి చూడటమూ, చదువరికి అర్థమయ్యేట్టు రాయటమూ ఆయన నేర్చుకున్నది అక్కడే.

1949 లో హార్వర్డులో ఆచార్యుడయ్యాడు. 1955 లో, 1929 నాటి షేర్ల పతనాన్ని గురించిన పుస్తకం తెచ్చాడు. ఆ సంవత్సరం మార్చిలో సెనేటు కమిటీ షేర్ల మార్కెట్టు సంగతి విచారిస్తూ ఆయన్ను సాక్ష్యానికి పిలిచింది. మళ్ళీ అటువంటి పతనం రావచ్చునని ఆయన అక్కడ చెపుతూ వుండగానే, ఆ రోజు షేర్ల ధరలు పడిపోయాయి. తిడుతూ ఆయనకు వుత్తరాలు వచ్చాయి. ఆయన కమ్యూనిస్టు సానుభూతిపరుడని ఒక సెనేటరు ఆరోపించాడు. ఇల్లు కాలుతున్నదని చెప్పినవాణ్ణి నిప్పు పెట్టినవాడుగా చూడటం ఆ వర్గానికి అలవాటే. 1958 లో వచ్చిన ‘ది ఎఫ్లుయెంట్ సొసైటీ’ తో ఆయన పేరు ప్రపంచమంతా తెలిసింది. సొంత కార్లూ, ప్రకటనలు పుట్టించిన కోరికలూ పెరుగుతున్న దేశంలో బడులూ, ఆస్పత్రులూ, వీధులూ కుళ్ళిపోతున్నాయని ఆ పుస్తకం చెప్పింది.

మన దేశంతో ఆయన సంబంధం కూడా ఆ దశాబ్దంలోనే మొదలయింది. రెండవ పంచవర్ష ప్రణాళిక తయారవుతున్న రోజులవి. 1955 లో ఫ్రీడ్మన్ ఢిల్లీ వచ్చి ఆర్థికశాఖకు ఒక నివేదిక ఇచ్చాడు. 1956 లో గాల్‌బ్రెయిత్ కలకత్తా వచ్చి మహలనోబిస్ స్థాపించిన గణాంక సంస్థలో కొంతకాలం వున్నాడు. ఒకే ప్రణాళికను ఇద్దరూ చూశారు. ఒకరికి అందులో స్వేచ్ఛకు సంకెళ్ళు కనిపించాయి. మరొకరు సానుభూతితో చూశాడు, గాని మన ప్రభుత్వరంగం తపాలా కచేరీ తరహా సోషలిజం అయిపోతున్నదని తరవాత వెక్కిరించాడు. 1961 నుంచి 1963 దాకా ఆయన ఢిల్లీలో అమెరికా రాయబారి. 1962 లో చైనాతో యుద్ధం వచ్చినప్పుడు మనకు అమెరికా ఆయుధాలు తెప్పించటంలో ఆయన పాత్ర వుంది. బొకారో వుక్కు కర్మాగారానికి అమెరికా సహాయం ఇప్పించాలని పట్టుబట్టినవాడూ ఆయనే. ప్రభుత్వరంగంలో పెట్టే ఫ్యాక్టరీకి మేం డబ్బివ్వమని అమెరికా కాంగ్రెసులో ఎదురు తిరిగారు. చివరికి బొకారో సోవియట్ సహాయంతో లేచింది. తన ప్రభుత్వం ఏ వర్గానికి జవాబుదారో ఆ వ్యవహారంలో రాయబారికి తెలియకుండా వుండదు. వియత్నాం యుద్ధాన్ని కూడా ఆయన బహిరంగంగానే వ్యతిరేకించాడు.

ఇక తెర సంగతికి వస్తాను. 1973 లో బి.బి.సి. వాళ్ళు ఆయన దగ్గరికి వచ్చారు. ఆర్థిక భావాల చరిత్రను టెలివిజన్ కోసం చెప్పమన్నారు. నిర్మాణం ఏడ్రియన్ మలోన్‌ది. ఆ పని పూర్తికావటానికి దాదాపు నాలుగేళ్ళు పట్టింది. 1977 జనవరిలో ‘ది ఏజ్ ఆఫ్ అన్‌సర్టెన్టీ’, అనగా అనిశ్చిత యుగం, పదమూడు భాగాలుగా ప్రసారం కావటం మొదలయింది. ఆడం స్మిత్‌తో మొదలయి, వలస రాజ్యాల మీదుగా, లెనిన్ మీదుగా, కీన్సు మీదుగా పెద్ద కంపెనీల దాకా ఆ కథ నడుస్తుంది. మూడవ భాగం పూర్తిగా మార్క్సును గురించే. పెద్ద కంపెనీని చూపించటానికి ఆయన యు.జి.ఇ. అనే కల్పిత కంపెనీని సృష్టించాడు. నిజమైన కంపెనీ పేరు చెపితే వచ్చే చిక్కులు ఫార్చ్యూన్‌లో పనిచేసినవాడికి తెలియవా?

మామూలు మనిషి సాయంకాలం ఇంట్లో కూచుని మార్క్సు ఎవరో, కంపెనీ అంటే ఏమిటో వినటం చిన్న సంగతి కాదు. ఆ సంగతి మనకంటె ముందు అవతలివాళ్ళు గ్రహించారు. బ్రిటన్‌లో మితవాదులు గోల పెట్టారు. లండన్‌లో ఫ్రీడ్మన్ గాల్‌బ్రెయిత్‌ను ఖండిస్తూ చేసిన వుపన్యాసాన్ని అక్కడి మార్కెట్టువాద సంస్థ ఒకటి 1977 లో పుస్తకంగా వేసింది. అమెరికాలో ప్రజా టెలివిజన్ దాన్ని ప్రసారం చేసినప్పుడు, ప్రతి భాగం చివరా మితవాదులు జవాబు చెప్పటానికి కొన్ని నిమిషాలు కేటాయించారు. పెట్టుబడిని పొగిడే ప్రకటనలు రోజంతా వస్తాయి. ఏ ప్రకటన చివరా కార్మికుడి జవాబుకు ఒక్క నిమిషం ఇవ్వరు. పెట్టుబడిని ప్రశ్నించిన గంటకు మాత్రం ‘నిష్పాక్షికత’ అవసరమయింది!

అంతటితో ఆగలేదు. పెన్సిల్వేనియాలో ఈరీ అనే పట్నంలో చిన్న ప్రజా టెలివిజన్ కేంద్రం నడుపుతున్న రాబర్ట్ చిటెస్టర్ ఫ్రీడ్మన్‌ను కలుసుకున్నాడు. గాల్‌బ్రెయిత్‌కు జవాబుగా ఒక చిత్రమాల తియ్యాలన్నాడు. అందుకు కావలసిన డబ్బు ధర్మసంస్థల నుంచీ, పెద్ద కంపెనీల నుంచీ వసూలయింది. 1980 జనవరిలో ‘ఫ్రీ టు చూజ్’, ఎన్నుకునే స్వేచ్ఛ, పది భాగాలుగా వచ్చింది. ఒక్కొక్క గంటలో సగం చిత్రం, సగం చర్చ. దాన్నిబట్టి వచ్చిన పుస్తకం ఆ ఏడు అమెరికాలో విపరీతంగా అమ్ముడయింది. ఆ నవంబరులోనే రీగన్ గెలిచాడు. బ్రిటన్‌లో అప్పటికే ఏడాదిన్నరగా థాచర్ పాలిస్తున్నది.

చిత్రమాల వల్లనే రీగన్ గెలిచాడని నేను అనటం లేదు. అట్లా అంటే మనం చదివిన శాస్త్రానికి అన్యాయం చేసినట్టే. 1973 తరవాత చమురు ధరలు పెరిగాయి. ధరలూ, నిరుద్యోగమూ ఒకేసారి పెరగటానికి కీన్సు శిష్యుల దగ్గర తృప్తికరమైన సమాధానం లేకపోయింది. లాభాలు తగ్గిన పెట్టుబడికి కార్మిక సంఘాలను విరవటం అవసరమయింది. ఆ అవసరానికి ఒక భాష కావాలి. ఫ్రీడ్మన్ ఆ భాష ఇచ్చాడు. ఆయన గొప్ప వక్త. రాసుకున్న ప్రతి లేకుండా తెర మీద నవ్వుతూ మాట్లాడతాడు. 1966 నుంచి 1984 దాకా న్యూస్‌వీక్ పత్రికలో వ్యాసాలు రాసి చెయ్యి తిరిగినవాడు. 1976 లో నోబెల్ బహుమతి పొందినవాడు. 1975 లో చిలీకి వెళ్ళి, ఎన్నికైన అయెండె ప్రభుత్వాన్ని కూల్చిన పినోషేకు ఆర్థిక సలహాలు చెప్పి వచ్చినవాడు కూడా. ఎన్నుకునే స్వేచ్ఛను గురించి పది గంటలు చెప్పగలిగినవాడికి చిలీ జనం ఎన్నుకున్నవాడి గతి అడ్డు రాలేదు.

ఆ చిత్రమాలలోనే మన మగ్గం వస్తుంది. ఫ్రీడ్మన్ వాదం ఇది: హిందూదేశం 1947 లోనూ, జపాన్ 1867 లోనూ దాదాపు ఒకే స్థితిలో బయలుదేరాయి, జపాన్ మార్కెట్టును నమ్ముకుని బాగుపడింది, హిందూదేశం ప్రణాళికను నమ్ముకుని చెడింది, చేనేతకు సర్కారు ఇచ్చిన ఆసరాయే దానికి సాక్ష్యం. వినటానికి ఎంతో సులభంగా వుంది. ఇంత సులభంగా వున్నది గనకనే పరీక్షించవలసి వుంది.

జపాన్ సంగతి చూద్దాం. మెయిజీ ప్రభుత్వం 1872 లో తొమియోకాలో పట్టు మిల్లును తన డబ్బుతోనే కట్టింది. అట్లా కట్టిన ఫ్యాక్టరీలను 1880 తరవాత అయినవాళ్ళకు చవకగా అమ్మింది. 1895 లో తైవాన్‌నూ, 1910 లో కొరియానూ మింగింది. ఆ మిల్లుల్లో పల్లెటూరి ఆడపిల్లలు ఖైదీల్లా పనిచేశారు. వీటన్నిటినీ తీసేస్తే మిగిలేదే ఫ్రీడ్మన్ చెప్పిన జపాన్. మన దేశం సంగతికి వస్తే, 1947 లో మనం బయలుదేరింది రెండు వందల సంవత్సరాల వలస దోపిడీ తరవాత. 1867 నాటి జపాన్‌కు అసమాన ఒడంబడికలు వుండేవి గాని, పరాయి ప్రభువు లేడు.

మరి చేనేతకు సర్కారు ఆసరా నిజంగా వుందా? కాగితం మీద వుంది. 1950 లో కొన్ని రకాల ధోవతులనూ, చీరలనూ మిల్లులు నెయ్యకూడదన్నారు. 1953 లో మిల్లుగుడ్డ మీద పన్ను వేసి, ఆ సొమ్ము ఖాదీకీ, చేనేతకూ అన్నారు. మిల్లులు తమ నూలులో కొంత భాగం చిలపలుగా చుట్టి చేనేతకు ఇవ్వాలన్నారు. జరిగిందేమిటి? చేనేత పేరుతో మరమగ్గాలు పెరిగాయి. చిలప నూలు దారి మళ్ళింది. సహకార సంఘాల్లో నిజమైన నేతగాళ్ళ కంటె షావుకార్ల పేర్లు ఎక్కువయ్యాయి.

మా నాన్నకు ఈ చట్టాల పేర్లు తెలియవు. షావుకారు ఇచ్చిన నూలుతో నేసి, గుడ్డ తెచ్చిచ్చి, అతను ఇచ్చిన మజూరీ పుచ్చుకునేవాడు. ఒకసారి నేను సెలవులకు ఇంటికి వచ్చి, ధర అంటే సరఫరా గిరాకీల సమతూకమని కాలేజీలో నేర్చిన పాఠం వల్లించాను. ఆయన నాడె ఆపి, ‘అట్లాగా నాయనా? మరి నూలు కొనేటప్పుడూ ధర షావుకారే చెపుతాడు, గుడ్డ అమ్మేటప్పుడూ షావుకారే చెపుతాడు. ఆ తూకం ఏదో ఒక్కసారి నా చేతికి ఇమ్మను’ అన్నాడు. తరవాత నేను చదివిన పుస్తకాల్లో ఆ ప్రశ్నకు జవాబు వెతుక్కుంటూనే వున్నాను. ఫ్రీడ్మన్ వాదంలో సర్కారు వుంది, మగ్గం వుంది, షావుకారు మాత్రం లేడు. ఎన్నుకునే స్వేచ్ఛ ఎవరికి వుందో తేలేది ఆ మూడోవాడి దగ్గరే.

1991 లో నూలు ధరలు పెరిగినప్పుడు చీరాల ప్రాంతంలో నేతగాళ్ళు ఆకలితోనూ, ఆత్మహత్యలతోనూ చనిపోయారు. ఢిల్లీలో సరళీకరణ విధానం ప్రకటించిన సంవత్సరం కూడా అదే. ఫ్రీడ్మన్ భాష అప్పటికి మన దేశపు అధికార భాష అయింది. సర్కారు ఆసరా తగ్గించుకుంటూ వచ్చింది. 2017 లో చేనేత గుడ్డ మీద కూడా జి.ఎస్.టి. పడింది. 2020 లో అఖిల భారత చేనేత బోర్డును రద్దు చేశారు.

గాల్‌బ్రెయిత్‌ను మాత్రం నేను ఆకాశానికెత్తను. ఆయన కంపెనీలను చక్కగా వెక్కిరించాడు. కాని ఆ వెక్కిరింత విని కంపెనీల పెద్దలు కూడా నవ్వుకోగలిగారు. పదమూడవ భాగంలో ఆయన తన వెర్మాంటు ఇంటికి పిలిచి చర్చ పెట్టింది హెన్రీ కిసింజర్, ఎడ్వర్డ్ హీత్ వంటి పెద్దలతో. లోకం అనిశ్చితంగా వుందంటే, అది మొట్టమొదట ఎవరి కూడు అనిశ్చితం చేసిందో వాళ్ళను పిలిచి చర్చించాలి. ఆయనకు అది తోచలేదు. పెద్ద కంపెనీకి ఎదురుగా ఇతర శక్తులు లేచి సమతూకం తెస్తాయని 1952 లో ఆయన రాశాడు. రీగన్ కాలంలో ఆ తూకం ఎటు మొగ్గిందో ఆయన బతికుండగానే చూశాడు. 2001 లో మన ప్రభుత్వం ఆయనకు పద్మవిభూషణ్ ఇచ్చింది. 2006 లో, తొంభై ఏడేళ్ళ వయసులో, చనిపోయాడు.

మన దగ్గర కూడా ఇటువంటి కథ వుంది. ఢిల్లీ స్కూల్ ఆఫ్ ఎకనామిక్స్‌లో పాఠాలు చెప్పిన ప్రణయ్ రాయ్ 1988 లో దూరదర్శన్‌లో ‘ది వరల్డ్ దిస్ వీక్’ కార్యక్రమంతో దేశమంతా తెలిశాడు. ఎన్నికల అంకెలనూ, బడ్జెట్టు లెక్కలనూ ఇళ్ళలోకి తెచ్చాడు. తన భార్య రాధికా రాయ్‌తో కలిసి ఎన్.డి.టి.వి. ని పెంచాడు. 2022 చివరికి ఆ సంస్థ అదానీల చేతికి వెళ్ళింది. ఆయన రాజకీయాలతో మనకు ఏకీభావం వుండనక్కరలేదు. తెర మీద మనిషి ఎంత తెలివైనవాడయినా, ఎంత జనాదరణ వున్నవాడయినా, తెర వాటాల రూపంలో అమ్ముడయ్యే సరుకేనని గ్రహిస్తే చాలు.

అంచేత బడ్జెట్టు రోజున టెలివిజన్ ముందు కూచున్నప్పుడు మన విద్యార్థులు మూడు ప్రశ్నలు వేసుకోవాలని నా మనవి. ఈ గంటకు డబ్బు ఎవరు ఇచ్చారు? ఈ కథలోనుంచి ఎవర్ని తప్పించారు? ఎవర్ని చూపించి, ఎవర్ని మాట్లాడనివ్వలేదు? ఉపాధ్యాయులకు ఇంకొక మాట. గాల్‌బ్రెయిత్, ఫ్రీడ్మన్ ఇద్దరూ జనానికి అర్థమయ్యేట్టు మాట్లాడారు. మనం మాత్రం నిజం మన పక్షాన వున్నదన్న ధైర్యంతో పారిభాషిక పదాల వెనక కూచున్నాం. మార్క్సు తన వ్యాసాలు వారపు కూలికి పనిచేసే చదువరికి కూడా అందాలనే రాశాడు. నేను ముప్ఫై ఏళ్ళు పాఠాలు చెప్పాను గాని, ఆ తూకం ఎవరి చేతిలో వుందో మా నాన్నకు అర్థమయ్యేట్టు ఒక్క వ్యాసం రాయలేకపోయాను. ఆయన పోయిన తరవాత రాస్తున్నాను. మా వీధిలో ఇంకా కొన్ని మగ్గాలు ఆడుతున్నాయి. ఈ వ్యాసం అచ్చయితే మొదట వాళ్ళకు చదివి వినిపించాలని వుంది.